ఎడారిలో మంచు కథలు చెప్పిన చాచా

మా స్టోర్ చాచా పోయారు. బుధవారం పొద్దున సైట్‌లో కాంక్రీటు పోయిస్తుంటే ఆయన కూతురు ఫోన్ చేసింది. "అబ్బా పోయినాడన్నా. తెల్లారి ఫజర్ నమాజు చేసుకోని కుర్చీలో కూచున్న్యాడు. నేను పోయి పిలిస్తే పలకల్యా" అంది. ఆమె మస్కట్‌లో, వాడి కబీర్ అనే పేటలో ఒక బళ్లో టీచరు. రిటైరయ్యాక చాచా ఆమె దగ్గరే ఉండేవారు. నేను ఎనిమిది గంటలు ప్రయాణం చేసి చేరేసరికి ఖననం అయిపోయింది. కడసారి ముఖం చూడలేకపోయాను. ఆ బాధ నాకుంది, దాచుకోను.

ఆయనది కడప, నాది జగిత్యాల దగ్గర పల్లె. మేం కలిసింది ఎడారిలో హైమా అనే ఊరు దాటాక, తారు రోడ్డుకు అరవై కిలోమీటర్లు లోపల వేసిన రోడ్డు పని క్యాంపులో. చుట్టూ గులకరాళ్ల మైదానం తప్ప ఏమీ లేదు. అక్కడ మనుషులకు పేర్లుండవు, ఊళ్లే పేర్లు. నేను జగిత్యాల, నిర్మల్ నుంచి వచ్చిన వెల్డరు నిర్మల్. ఆయనొక్కరే అందరికీ చాచా. ఆయన స్టోర్ కీపరు. చిరిగిన గ్లౌజులు చూపించనిదే కొత్తవి ఇచ్చేవారు కాదు. "ఇంగా వారం వస్తాయిలే పో" అని తిప్పి పంపేవారు. మొదట్లో నాకు ఆయనంటే ఒళ్లు మండేది.

ఒక విదేశీ ఇంజనీరు వెళ్లిపోతూ ఒక అట్టపెట్టె స్టోర్లో వదిలేసి పోయాడు. దాన్నిండా మంచు పుస్తకాలే. ధ్రువం దాకా నడిచినవాళ్లు, ఓడ మంచులో ఇరుక్కుంటే ఏడాది పాటు అక్కడే కాలం గడిపినవాళ్లు, మనిషి మొహం కనిపించని దీవిలో గాలీ వానా కొలుచుకుంటూ బతికినవాళ్లు. చాచా ఒక్కోటి అయిదారుసార్లు చదివారు. శుక్రవారం మధ్యాహ్నం భోజనాలయ్యాక మెస్సులో కూర్చుని, ఇంగ్లీషు పుస్తకం ముందు పెట్టుకుని తెలుగులో చెప్పేవారు. బీహారువాళ్ల కోసం మధ్యమధ్య హిందీ. బయట మాడు పగిలే ఎండ, లోపల కాలివేళ్లు గడ్డకట్టిన మనిషి కథ. ఏసీ చెడిపోయిందంటే చాలు, "చాచా, పుస్తకం తియ్" అని వేళాకోళం చేసేవాళ్లం.

ఒకసారి నిర్మల్ అడిగాడు: "గంత దూరం ఎందుకు పోయిండ్రు చాచా? ఆడ ఏమున్నది?"

"ఏమీ ల్యాదు. ఆ ఏమీ లేనిదాన్ని చూసొద్దామనే పోయినారు."

"మనకు చెప్తే ఈడనే చూపిస్తుంటిమి గదా!"

చాచా నవ్వీ నవ్వీ కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. ఆ మాట తర్వాత ఎంతమందికి చెప్పారో.

ఆయనకు అవి కాలక్షేపం కథలు కావు. మంచులో చిక్కుకుని బతికి బయటపడ్డవాళ్లు ఏం చేశారో చూసి, దాన్ని మా క్యాంపులో పెట్టేవారు. మెస్సులో రోజూ ఒకే చోట కూర్చోకూడదు, మారుతూ ఉండాలి. "ఒగే ముఖం ఎదురుగా పెట్టుకోని ఆర్నెల్లు తింటే ఆ ముఖం మింద ద్వేషం పుడ్తాది" అనేవారు. గురువారం సాయంత్రం అందరూ గడ్డం గీసుకోవాలి. చూసేవాళ్లెవరున్నారని నేను వాదిస్తే, "గడ్డం గీసుకునేటోడు ఇంటికి పోతానని నమ్మినోడప్పా" అన్నారు. ఇవి కంపెనీ రూల్సు కావు. అయినా కంపెనీ రూల్సు తప్పినవాళ్లున్నారు గానీ చాచా రూల్సు తప్పినవాడు లేడు.

ఒక ఏడు తుఫాను వచ్చింది. ఎన్నడూ చుక్క నీరు చూడని వాగులు పొంగాయి. మైదానమంతా ఉప్పు బురద. టవర్ కూలింది, ఫోన్లు మూగబోయాయి. తాగే నీళ్లు తెచ్చే ట్యాంకరు రాలేదు. జగిత్యాలలో నా భార్యకు నెలలు నిండి ఉన్నాయి. తుఫాను ముందు రోజు ఫోన్లో, "కడుపులో బిడ్డ కదులుతలేదు, రేపు దవాఖానకు పోతున్న" అని చెప్పింది. ఆ తర్వాత మాట లేదు.

మూడు రోజులు ఓపిక పట్టాను. నాలుగో రోజు పొద్దున్నే మెస్సులో బల్ల గుద్ది, తారు రోడ్డు దాకా నడిచిపోతానన్నాను. అంతటితో ఊరుకోలేదు. క్యాంపును కంపెనీ మర్చిపోయిందన్నాను, ఇక్కడే ఉంటే దాహంతో చస్తామన్నాను. నా నోరు చెడ్డది. అరగంటలో పదకొండు మంది చెప్పులు బిగించుకున్నారు.

చాచా నన్ను స్టోర్లోకి పిలిచారు. గట్టిగా తిడతారనుకున్నాను.

"నువ్వు గట్టోడివి, చేరినా చేరతావేమో" అన్నారు. "నీ ఎనక వచ్చేటోళ్లు చేరరు. బురదలో మోకాలు దిగబడితే వాళ్లను మోస్తావా?"

"నా భార్య సంగతేంది చాచా? అది సచ్చిందో బతికిందో నాకు తెల్వద్దా?"

"తెలుసుకుందువు. బతికుంటే తెలుసుకుందువు."

ఏడ్చాను. నేను తేరుకున్నాక ఆయన, స్టోరు వెనకున్న తన గదిలో రెండో మంచం మీది గ్లౌజుల పెట్టెలు దించి, "నీ సామాను ఈడికి తెచ్చుకో. నీళ్ల డ్రమ్ము తాళం నీది. మనిషికి ఎంత పొయ్యాల్నో నువ్వే చూసుకో" అన్నారు. నలభై మందిలో నన్ను ఏరుకున్నారని ఛాతీ ఉప్పొంగింది. తాళం చేతిలో ఉన్నవాడు పారిపోతాడా? నేను పోకపోతే ఆ పదకొండు మందీ పోలేదు. పదకొండో రోజు ట్యాంకరు వచ్చింది. డ్రైవరు దగ్గరున్న ఫోనుతో ఇంటికి చేశాను. బిడ్డ పుట్టి వారమైంది, తల్లీ బిడ్డా బాగున్నారు. చాచా రిటైరయ్యేదాకా నాలుగేళ్లు ఆ గదిలోనే ఉన్నాను. పక్కన కూర్చోబెట్టుకుని, అక్షరాల కింద వేలు పెట్టి చదివిస్తూ నాకు ఇంగ్లీషు నేర్పారు. ఇవాళ నేను ఫోర్‌మన్‌ని అయ్యానంటే ఆ వేలి చలవే.

మొన్న ఆయన కూతురు ఆ పుస్తకాల పెట్టె నా ముందు పెట్టింది. "నీకే ఇయ్యమన్న్యాడన్నా." ఒకటి తెరిచాను. మంచులో గుడిసె వేసుకున్న ఒక నాయకుడి సంగతి అందులో ఉంది. సణిగేవాడు, నలుగురినీ ఎగదోసేవాడు ఎవడో చూసి, వాడి మంచం తన మంచం పక్కనే వేయించాడట. కళ్లెదుట ఉంటే మిగతావాళ్లను చెడగొట్టడని. అంచున చాచా పెన్సిలుతో తెలుగులో రాసుకున్నారు: "మా జగిత్యాల మాదిరి."

నాకు తల కొట్టేసినట్టయింది. ఇన్నేళ్లూ నా మీద నమ్మకంతో పిలిచారనుకున్నాను. ఊళ్లో అందరికీ చెప్పుకున్నాను కూడా. పుస్తకం ఆ అమ్మాయి చేతిలో పెట్టి, "చూసినవా చెల్లె, మీ నాయన నన్ను కాపలా కాసిండు" అన్నాను.

ఆమె చదివి, నా వైపు చూసింది. "ట్యాంకరు వచ్చింది పదకొండు దినాలకే కదన్నా. నాలుగేండ్లు ఎందుకు పెట్టుకున్న్యాడు మరి?"

ట్యాంకరు వచ్చిన మర్నాటి పొద్దు నాకు జ్ఞాపకం వచ్చింది. అవసరం తీరింది గదా అని పరుపు చుట్టి చంకన పెట్టుకుని, "నా రూముకు పోతున్న చాచా" అన్నాను. ఆయన హీటరు మీద చాయ్ కాచుకుంటున్నారు. తలెత్తలేదు, ఉండమనలేదు, పొమ్మనలేదు. ఒక గ్లాసు నింపి తన ముందు పెట్టుకున్నారు. ఇంకో గ్లాసు కడిగి, దాన్నీ నింపి, నా మంచం పక్కనున్న స్టూలు మీద పెట్టి, పొగలు పోకుండా దాని మీద ఒక సాసరు మూత వేశారు. నేను పరుపు మళ్లీ పరిచాను.