ఐదు దినాలు ఆపుమన్నది నేనే

మా గద్వాల డాక్టరు సాబు పోయిండు. మొన్న ఆదివారం పట్నంల ఏదో పెద్ద దవాఖానల పానం ఇడిచిండు, సోమవారం ఈడికి తెచ్చి మట్టి చేసిన్రు. ఊరంత ఏడ్చింది. నేను ఏడ్వలే. పన్నెండేండ్ల సంది నేను ఆయనతోని మాట్లాడలే. నా ఇంటికి ఆరు నెలలు తాళం ఏయించిన మనిషి అని కడుపుల పెట్టుకోని తిరిగిన. సచ్చినోళ్ల మీద కోపం ఉంచుకోవద్దంటరు. ఉంచుకున్న, దాచుడెందుకు. నాలుగో తరగతి కాడ బడి ఇడిచి గుంట మగ్గంల దిగినోన్ని, తప్పులుంటే మీరే సరిజేసుకోని చదువుర్రి.

ఆయన దవాఖాన కోటకు పోయే తొవ్వల ఉండె. నాలుగు మంచాలు, ఒక బల్ల. జనం సూది ఎయ్యమని కొట్లాడేది, ఆయన గోలీలిచ్చి పంపేది. సూది ఎయ్యని డాక్టరు ఏం డాక్టరని నేను మొఖం మీదనే అడిగిన. "సూదే కావాలంటే దర్జీ కాడికి పో భాయ్" అన్నడు. ఆడోళ్లకు గుండె చప్పుడు ఇనే గొట్టం పెట్టేముందు దాన్ని అరచేతిల పట్టుకోని ఎచ్చజేసేది. శుక్రవారం నమాజుకు పోయేముందు మంచం మంచానికి తిరిగి, నేను పోయొస్త, నీ గురించి గూడ దేవున్ని అడుగుత అని చెప్పేది. సాయబులకైనా మాకైనా అదే మాట.

నా భార్యకు కడుపుల గడ్డ లేసింది. పట్నంల కోసి చూసి, చేసేదేం లేదని మల్ల కుట్టి పంపిన్రు. ఆ తర్వాత నాలుగు నెలలు డాక్టరు సాబే చూసిండు. ఆఖరికి ఆయన దవాఖానలనే మంచం పట్టింది. గులుకోజు సీసా మీద సీసా ఎక్కుతుండె. అప్పుడు మా పంతులు పంచాంగం చూసి చెప్పిండు, తెల్లారితే ధనిష్ఠ అని. ధనిష్ఠ మొదలు ఐదు నక్షత్రాలు మంచియి కావు. ఆ ఐదు దినాలల్ల మనిషి పోతే ఇల్లు ఇడవాలె. ఒక్కో నక్షత్రానికి ఒక్కో లెక్క, ధనిష్ఠకు ఆరు నెలలు. మాకు ఇల్లంటే మగ్గం. గుంట తవ్వి పాతినదాన్ని నెత్తిన పెట్టుకోని పోలేం గద.

నేను డాక్టరు సాబు కాడికి పోయి, ఇంకో ఐదు దినాలు ఎట్లన్న జేసి ఆపుమన్న. ఆయన నవ్వలే, తిట్టలే. నీ నమ్మకం తప్పని నేను అనను, నాకూ నమ్మకాలున్నయి అన్నడు. తర్వాత మెల్లగ చెప్పిండు. "ఈ సీసాతోని పెరిగేది ఆయుష్షు కాదు భాయ్, బాధ. నక్షత్రం నీది, పానం ఆమెది. ఆమెనే అడుగుదాం."

అడగొద్దన్న. అయినా అడిగిండు, నా తమ్ముళ్ల ముందలనే. మంచం పక్కన వంగి, చెల్లె, ఈడ ఉంటవా, ఇంటికి పోతవా అని. ఆమెకు మాట సరిగ రాకుండె. "ఇంటికి తోలు అన్నా. మగ్గం చప్పుడు ఇనుకుంట పోత" అన్నది. ఆయన తన చేతులతోనే సీసా తీసేసిండు.

ఇంటికి తెచ్చినం. ఇగ నేను చేసిన పని చెప్పాలె. ఇల్లు ఇడవాల్నని తెలిసిపాయె, తాళం పడకముందే సామాను బయట ఎయ్యాలని మూటలు కట్టుడు మొదలుపెట్టిన. బిందెలు, పట్టు, జరీ, బియ్యం, అన్నీ తమ్ముని ఇంటికి చేరేసుడు. ఆమె నేల మీద పండుకోని చూస్తనే ఉంది. ఒక జానెడన్న నెయ్యరాదా అన్నది. ఊకో అన్న. సగం నేసిన చీరను పడుగు దారాలతో సహా కోసి చుట్టిన. అది గూడ చూసింది.

తెల్లారి పగటాల్ల డాక్టరు సాబు సైకిలు మీద వచ్చి, నొప్పి తెలవకుండ సూది ఏసిండు. ఆమె నాడి పట్టుకోని కూసున్నడు. నేను మూట ఎత్తుకోని గడప దాటుతున్న. "భాయ్, మూటలు తర్వాత. తులసి నీళ్లు పొయ్యి" అన్నడు. మా ధర్మం మాకు ఒక సాయిబు చెప్పవలసి వచ్చింది. మూట దించి, తులసి ఆకు ఏసి, చెంచతోని పోసేసరికే దవడ బిగిసింది. నీళ్లు పక్కకు కారినయి.

ఇల్లు మూసినందుకు కోపమని ఊరికి చెప్పుకున్న. అది అబద్ధం. ఆ నీళ్లు పక్కకు కారింది ఆయన చూసిండు. అది నేను ఓర్వలే. ఆయన మళ్ల ఎవ్వరికీ ఆ మాట చెప్పలే. బజార్ల ఎదురైతే చెయ్యి లేపేది. నేను మొఖం తిప్పుకునేది. జరమొస్తే ఇంకో డాక్టరు కాడికి పోయేది.

నెల కింద నేను హోటలు కాడ చాయ తాగుతుంటే ఒక కారు ఆగింది. ఎనుక సీట్ల డాక్టరు సాబు. చిక్కి సగమైండు. ఆయన పెద్ద కొడుకు దిగి వచ్చి, పెద్దనాయినా, మా అబ్బా నిన్ను పిలుస్తుండు, రెండు నిమిషాలు అన్నడు. మగ్గం మీద పని ఉంది అన్న. కారు పోయేదాక వాళ్ల దిక్కు చూడలే.

ఎందుకు పిలిచిండో మట్టి చేసిన నాడు ఖబరస్తాన్ కాడ ఆయన కంపౌండరు చెప్పిండు. పట్నం వద్దు, నా ఇంట్లనే ఉంచుర్రి, పక్కన కూసోని ఖురాను చదువుర్రి అని కొడుకులకు చెప్పిండంట. ఏం చెయ్యకుండ సంపుకున్నరని నలుగురు అంటరని వాళ్ల భయం. అప్పుడు నన్ను చూసి కారు ఆపిచ్చిండంట. "ఆయన భార్యను నేను ఎందుకు ఇంటికి తోలిన్నో ఆయనకు తెలుసు. ఆయన చెప్తే మీరు ఇంటరు" అన్నడంట.

నేను అర్థం చేసుకున్న అనుకున్నడు ఆ మనిషి. పన్నెండేండ్లు మొఖం తిప్పుకున్నా గట్లనే అనుకున్నడు.

పట్నంల అద్దాల గదిల ఎన్నో దినాలు ఉంచిన్రంట. నోట్ల గొట్టం, పోయేముందు చదివే కలిమా చదువుదామంటే పెదవి కదలకపాయె. కొడుకులు అద్దంల నుంచి చూసుకుంట నిలబడ్డరు. వాళ్లను నేను తిట్టను. ప్రేమతోనే చేసిన్రు. నేను గూడ నా ఇంటి మీద ప్రేమతోనే చేసిన. వాళ్లూ నేనూ అడగాల్సినోళ్లను అడగలే.

మట్టి చేసి వచ్చిన నాడే మా కొడుకులు, పెద్దోడు నా పక్క మగ్గం మీద ఉంటడు, చిన్నోడు వనపర్తిల నౌకరి, ఇద్దరూ ఒక్కటే మాటన్నరు. నీకేమన్న అయితే మేము గూడ పట్నం తీస్కపోతం నాయినా అని. ధైర్యం చెప్తున్నమనుకున్నరు.

ఒరే కొడుకులారా, ఇది మీకే రాస్తున్న, ఊరు గూడ చదవాలె. డాక్టరు సాబుకు నలభయ్యో దినం గురువారం నాడు పడుతది. ఆ గురువారం లోపల ఇద్దరూ నా ముందల నిలబడి చెప్పాలె. నాకు మాట ఉన్నంత కాలం నన్ను అడుగుతరా, లేకుంటే పంచాంగాన్నో పట్నాన్నో అడుగుతరా? చిన్నోడా, సెలవు లేదనకు. ఆ పొద్దు నేను మగ్గంల దిగను. వాకిట్ల రెండు పీటలు ఏసి, తొవ్వ దిక్కు చూసుకుంట కూసుంట.