ఆపా కోసం పెట్టిన కోడి సూపు

హన్మకొండ చౌరస్తాలో గంటసేపు నిలబడి, దుకాణదారుడు చెప్పిన ధరను సగానికి దించి, మామూలు కుక్కర్ నాలుగు కూతల్లో తెమిల్చే పనిని ఏడు గంటలు సాగదీసే కరెంటు కుండను కొనుక్కొచ్చిన ఘనుడు ఈ వరంగల్‌లో నేనొక్కడినేనని గర్వంగా చెప్పగలను. దాన్ని స్లో కుక్కర్ అంటారట. డబ్బా మీది దుమ్ము తుడుస్తున్నప్పుడు దుకాణదారుడి ముఖంలో కనిపించిన సంతోషం చూసైనా నేను ఆగవలసింది. కానీ మట్టెవాడలో దుకాణాల మధ్య పెరిగినవాడికి ధర దిగుతూ ఉంటే వస్తువు కంటికి ఆనదు.

మా ఆపాకు, అంటే మా అక్కకు, కడుపు ఆపరేషన్ అయి ఇరవై రోజులు దాటింది. ఇంటికి తెచ్చినప్పటి నుంచి ముద్ద గొంతు దిగడం లేదు. ఈ వారంలో తినడం మొదలుపెట్టకపోతే మళ్లీ దవాఖానలో చేర్చి గొట్టంతో తిండి ఎక్కించవలసి వస్తుందని డాక్టరు చెప్పాడు. మా కోడలు ఫోన్‌లో చికెన్ నూడిల్ సూప్ చూపించి, రోజంతా సన్నటి సెగ మీద ఉడికితే మెత్తగా దిగుతుందంది. ఆ బొమ్మ చూడగానే నాకు మా అమ్మీ చేసిన సేమియా యఖ్నీ, అంటే సేమియా వేసిన కోడి రసం, కళ్లముందు మెదిలింది.

అప్పుడు నాకు తొమ్మిదేళ్లు, ఆపాకు పదమూడు. టైఫాయిడ్‌తో ఆమె మంచానికి అంటుకుపోయింది. కట్‌పీసుల దుకాణం నడిపే మా అబ్బా, కొత్తిమీర కట్ట కొన్నా రెండుసార్లు వద్దని తిరిగి నాలుగడుగులు వేసి, పిలిపించుకొని మరీ కొనే మనిషి. అలాంటివాడు ఆ రోజు నన్ను వెంటబెట్టుకొని కోళ్ల గంప దగ్గరికి వెళ్లి, అమ్మే అవ్వ అడిగినంతా ఆమె చేతిలో పెట్టాడు. అవ్వే బిత్తరపోయింది.

“ఏంది సేటూ, పానం మంచిగ లేదా? జర ఎక్కువనే చెప్పిన, తగ్గియ్యమని అడగరాదు?”

అబ్బా కోడిని చంకన పెట్టుకొని ఇంటి దారి పట్టాడు. జబ్బుపడినవాళ్ల కోసం కొనే కోడికి బేరమాడితే, తగ్గించినంత మేర రోగి ఆయుష్షు కోసుకుపోతుందని మా గల్లీలో పెద్దలనేవారు. అబ్బా అలాంటివి నమ్మేవాడు కాదు. ఆపా బతకదేమోనని నాకు ఆ గంప దగ్గరే తెలిసింది.

అమ్మీ ఆ కోడిని అల్లం, మిరియాలు, దాల్చినచెక్కతో మట్టికుండలో వేసి, మూత చుట్టూ పిండి మెత్తి, బొగ్గుల కుంపటి మీద పెట్టింది. విసనకర్ర నాది. గట్టిగా విసిరితే పొంగుతుంది, మానేస్తే ఆరిపోతుంది. పొద్దు వాలి అసర్ నమాజు వేళయ్యేసరికి పిండి పగలగొట్టి, వేయించిన సేమియా గుప్పెడు విరిచి వేసింది. ఆపా గిన్నెడూ తాగి, ఖాళీ గిన్నె నా వైపు చాచి, “తమ్మీ, ఇంక జర పొయ్యమను” అంది. అమ్మీ కొంగు నోట్లో కుక్కుకొని ఏడ్చింది.

మొన్న శుక్రవారం చికెన్ సెంటర్‌లో ధర పలక మీద రాసి ఉంది, బేరానికి తావే లేదు. కుండ విషయంలోనే బేరమాడానన్న ములుకును, పెద్దలు చెప్పింది కోడికే కానీ కుండకు కాదని సర్దిచెప్పుకున్నాను. దానికి విసరడానికి నిప్పు లేదు. మూత తీయవద్దని కాగితంలో రాశారు. ఒక పచ్చ దీపం, దాని ఎదుట చేతులు కట్టుకొని నేను.

“పొద్దట్నించి దాని ముంగట్నే కూసున్నవ్ తమ్మీ, కోడి లేసి ఉరుకుతదని కావలి కాస్తున్నవా?” అంది మంచం మీంచి ఆపా.

“నీ కోసమే ఆపా. జర తాగాలె నువ్వు.”

“సగం ధరకు తెచ్చినవంట గదా! గందుకే సగం సగం ఉడుకుతాంది.”

నవ్వింది. నవ్వగానే కుట్లు లాగి కళ్లు మూసుకుంది.

మన కాలంలో ఇంట్లో ఒకరు పడితే మిగతావాళ్ల చేతులకు ఏదో ఒక పని ఉండేది. విసరడం, ఊదడం, నీళ్లు మోయడం చేస్తున్నంతసేపూ మనమే బతికిస్తున్నామన్న భ్రమైనా దక్కేది. ఇప్పుడు యంత్రం అన్నీ తానే చేసుకుంటూ, భయపడడం ఒక్కటే మనకు వదిలిపెట్టింది.

ఇక జరిగినది దాచకుండా చెబుతాను. ఏడు గంటలు ఉడికింది, చివర్లో సేమియా వేశాను, ఊది ఊది అందించాను. ఆపా మూడు చెంచాలు తాగింది. నాలుగోది నా ముఖం చూసి మింగింది. దాన్ని లెక్కలో వేసుకోను.