సంచిలో యూనిఫాం

ఆమె కోర్టుకు ఎప్పుడొచ్చినా సంచిలో భర్త యూనిఫాం ఉండేది, ఉతికి, ఇస్త్రీ చేసి. మహదేవపుర దగ్గర ఫ్యాక్టరీలో అతనికి దొంగతనం అంటగట్టి పనిలోంచి తీసేశారు. కేసు నడుస్తుండగానే అతను చనిపోయాడు. లాయరుగా నేను వారసురాలి కింద ఆమె పేరు చేర్చి వాదన కొనసాగించాను.

ఆ ఫ్యాక్టరీలో పని మానేసేవాళ్లు యూనిఫాం గేటు దగ్గర అప్పగించి పోవాలి. అతను ఇవ్వలేదు. అడుగుతూ నోటీసులొచ్చినా ఆమె ఇవ్వలేదు.

ఒకసారి విసుగొచ్చి, "మనిషే లేడు కదమ్మా, ఇంకా ఎందుకు మోస్తావు?" అన్నాను.

"ఇచ్చేస్తే దొంగ అని ఒప్పుకున్నట్టే గదా సార్."

పనిలోంచి తీసేయడం చెల్లదని చివరికి తీర్పు మాకు అనుకూలంగా వచ్చింది. రావలసిన డబ్బుల గురించి నేను వివరిస్తుంటే ఆమె మధ్యలో ఆపింది.

"అట్లయితే, చనిపోయేటప్పుడు మా ఆయప్ప పనిలోనే ఉండినట్టా సార్?"

"ఉన్నట్టేనమ్మా. దొంగతనం చేయలేదని కూడా రాశారు."

మర్నాడు ఆమె అడిగిందని ఫ్యాక్టరీ దాకా తోడు వెళ్లాను. గేటు దగ్గర సంచిలోంచి యూనిఫాం తీసి, మడత నలగకుండా సెక్యూరిటీ అతని చేతిలో పెట్టింది.

"మా ఆయప్పది. డ్యూటీ ముగిసిందని రాసుకోప్పా," అంది.