గొడ్డలితో గోడ దూకిన మాస్టారు

ఆ రోజుల్లో నాకు నిజం చెప్పడం రాక కాదు, నిజం మరీ పొట్టిగా ఉంటుందని చెప్పేవాణ్ని కాదు. పొద్దున్నే జగ్గయ్యపేటలో బస్సెక్కి కిటికీ పక్కన కూర్చుంటే, సిమెంటు ఫ్యాక్టరీల పొగ మంచులో కలిసిపోయి, రోడ్డుకి అటూ ఇటూ లోకమంతా సగం చెరిపేసిన బొమ్మలా ఉండేది. ఆ చెరిగిన సగాన్ని నా ఇష్టమొచ్చినట్టు పూరించుకుంటూ నందిగామలో దిగేవాణ్ని. (దిగడం మరిచి కీసర దాకా పోయిన రోజులూ ఉన్నాయి. ఆలస్యానికి కారణంగా ఆ రోజు చెప్పిన ఎద్దుల మంద సంగతి వేరే కథ.) డిగ్రీ అయ్యాక కోర్టు ఎదుటి వీధిలో ఒక ప్లీడరు గారి దగ్గర గుమాస్తాగా చేరి అప్పటికి ఆరు నెలలు.

ఒక మధ్యాహ్నం పెనుగంచిప్రోలు మావయ్య ఆఫీసులోకి వచ్చాడు. మిరప కోతల కాలం. ఆయన కండువా దులిపితే మేమందరం తుమ్మాం. సంగతేమిటంటే, తన దొడ్డికీ పక్కింటి మాస్టారి దొడ్డికీ మధ్య మావయ్య కొత్తగా గోడ లేపాడు. అది తన స్థలంలోకి జానెడు జరిగిందని మాస్టారు వీధివైపు నుంచి వచ్చి అడిగితే, మావయ్యకు మాటకంటే ముందు చెయ్యి వచ్చింది. తోసిన తోపుకి మాస్టారు ఇటుకల మీద పడ్డారు, మణికట్టు విరిగింది. పోలీసు కేసైంది. ఇదంతా నిజమేనని మావయ్యే ఒప్పుకున్నాడు, కాకపోతే మా ఆఫీసు నాలుగు గోడల మధ్య మాత్రమే.

మా వైపు ఒక పద్ధతుంది. మీ మీద కేసు పడితే మీరూ ఒకటి వెయ్యాలి. అప్పుడే పెద్దమనుషులు ఇద్దర్నీ కూర్చోబెట్టి “నువ్వు తీసెయ్, ఆయనా తీసేస్తాడు” అంటారు. “ఎదురు కేసు లేకుండా రాజీకెళ్లడమంటే చేతులూపుకుంటూ పెళ్లికెళ్లినట్టే అల్లుడూ,” అన్నాడు మావయ్య. ప్లీడరు గారు విజయవాడ బయల్దేరుతూ, “జరిగింది జరిగినట్టు రాయవయ్యా,” అని నాకు చెప్పి వెళ్లారు. “జరిగింది రాస్తే ముద్దాయిని నేనే కదరా!” అని మావయ్య లబోదిబోమన్నాడు.

“నేనున్నా కదా మావయ్యా,” అన్నాను.

రాశాను. మాస్టారు గొడ్డలి చేతబట్టి, పళ్లు పటపట కొరుకుతూ, ఒక్క గెంతులో గోడ దూకి వచ్చారని, “ఈ రోజుతో నీ పని సరి” అని గర్జించారని, ఆ గర్జనకు దూడ తాడు తెంపుకుందని, మావయ్య ప్రాణభయంతో చెయ్యి అడ్డం పెడితే అది తగిలి మాస్టారు తనంతట తనే పడ్డారని. (దూడ అవసరం లేదు. కానీ బాగా కుదిరింది.) సెలవులకు మావయ్య ఇంటికెళ్లినప్పుడల్లా తన అరుగు మీద కూర్చోబెట్టి నాకు వ్యాసాలు దిద్దింది ఆ మాస్టారే. కాగితం మీద మాత్రం ఆ మనిషి నాకు గుర్తు రాలేదు, గొడ్డలే కనిపించింది. ప్లీడరు గారు తిరిగొచ్చి ఆఖరి పేజీలో సంతకం పెట్టారు. ముందు పేజీలు చదివే అలవాటు ఆయనకు లేదు.

ఆ ఫిర్యాదు మీద మావయ్య కోర్టులో వాంగ్మూలమిచ్చే రోజే మాస్టారి కేసు వాయిదా కూడా వచ్చింది. కోర్టు వరండాలో బెంచీ మీద మాస్టారు, మెడకు వేలాడే కట్టులో చెయ్యి. నన్ను చూసి పక్కకు జరిగి చోటిచ్చారు.

“ఏరా, గుమాస్తావయ్యావంటగా. రాత కుదిరిందా?” అని నవ్వారు. “వచ్చే నెల నన్ను హెడ్మాస్టరుగా వెయ్యాలిరా. రిటైరయ్యేలోపు ఒక్క ఏడాదన్నా ఆ కుర్చీలో కూర్చుంటే చూడాలని మా ఇంటావిడ ఆశ. మీ మావయ్య ఏదో ఎదురు కేసు వేశాడంట. కోర్టు గనక దాన్ని తీసుకుందంటే నా ప్రమోషన్ ఆగిపోద్ది. ఏం రాయించాడో ఏంటో!”

ఎండలో నల్లకోట్లు నీళ్లలో తేలుతున్నట్టు మెల్లగా అటూ ఇటూ పోతున్నాయి. లోపల నా కాగితాలు ఉన్నాయి. బయట నా పక్కన మాస్టారు ఉన్నారు. ఇంతలో మావయ్య పేరు పిలిచారు. నేను గుమ్మం దాకా వెళ్లి నిలబడ్డాను.

జడ్జి గారు నడివయసు ఆవిడ. ఎవరూ చదవని ఆ ముందు పేజీలను ఆవిడ చదువుతున్నారు, నెమ్మదిగా, ఒక్కో వరుస వెంట వేలు జరుపుతూ.

“ఈ గోడ ఎత్తెంతండి?”

“ఏడడుగులండి, అమ్మగారండి. పైన సీసాపెంకులు గుచ్చించా.”

“పక్కన చెట్టు కొమ్మో, నిచ్చెనో ఏమైనా ఉందా, దూకడానికి వీలుగా?”

మావయ్య ఛాతీ పొంగింది. “దూకడమా! మా గోడనా! పిల్లి గూడా దూకలేదండి. పేట సిమెంటు, మునేటి ఇసక, దగ్గరుండి కట్టించా. కావాలంటే ఎవుర్నైనా దూకి చూడమనండి!”

జడ్జి గారి వేలు ఒక వరుస మీద ఆగింది. “మరి మాస్టారు ఒక్క గెంతులో దూకారని రాశారే?”

మావయ్య నా వైపు చూశాడు, మళ్లీ జడ్జి గారి వైపు చూశాడు. కేసు పక్షాన నిలబడాలా, గోడ పక్షాన నిలబడాలా అని ఆ ముఖంలో పెద్ద యుద్ధమే జరిగింది. “ఆయనా? మోకాళ్ల నొప్పులండి. గడపే దాటలేడు, పాపం,” అన్నాడు. గోడే గెలిచింది.

ఫిర్యాదు నమ్మేలా లేదని, మావయ్య తన మీదున్న కేసుకు కక్షతో వేసినట్టుందని జడ్జి గారు ఆ మధ్యాహ్నమే కొట్టేశారు. (దూడ గురించి ఒక్క ముక్క కూడా అనలేదు. అది కొంచెం గుచ్చుకుంది.) నేను వరండాలోకొచ్చి, “మాస్టారూ, అది రాసింది నేనేనండి,” అన్నాను.

ఆయన నా వైపు తిరిగారు. “గొడ్డలి కూడానా?”

“కూడానండి.”

“జన్మలో పట్టుకోలేదురా గొడ్డలి,” అన్నారు. “ఎలా ఉన్నానురా అందులో?” అనడిగారు.

“భయంకరంగా ఉన్నారండి.”

మాస్టారు నవ్వారు. నవ్వితే చెయ్యి నొప్పెట్టి, కట్టు పట్టుకుని మళ్లీ నవ్వారు. మరుసటి నెల ఆ కుర్చీలో కూర్చున్నారు. మావయ్య గోడను జానెడు ఇవతలికి కట్టి రాజీ పడ్డాడు, పెంకులు మాత్రం మళ్లీ గుచ్చించాడు.

ఇప్పటికీ బస్సు నందిగామ మీదుగా వెళ్తుంటే, ఆ కోర్టు గుమ్మంలో నిలబడి, తను రాసింది ఎవరూ నమ్మకూడదని, తనకు తెలిసిన దేవుళ్లందరికీ మొక్కుకున్న ఆ ఇరవై రెండేళ్ల కుర్రాడు గుర్తొస్తాడు. రాసేవాడెవడూ అలాంటి మొక్కు మొక్కి ఉండడు. పిచ్చోడు, మొదటి కథకే మొక్కు ఫలించింది.