మా కోడలి కోసం తెచ్చిన మలయాళం కాగితాలు

మా కోడలు పోయింది. పోయిన శుక్రవారం పొద్దున, ఆత్మకూరులో మా ఇంట్లోనే. తెలిసినవాళ్లంతా వచ్చి వెళ్లారు. తెలియని మీకు కూడా చెప్పుకోవాలనిపించి రాస్తున్నాను. నాకు చదువు తక్కువ, తప్పులుంటే సర్దుకోండి. అత్తనని రాయడానికి చెయ్యి రావడం లేదు. నాకు ఆడపిల్లలు లేరు. ఆ పిల్లే నా కూతురు.

కేరళ నుంచి ఉదయగిరి ఆసుపత్రికి నర్సుగా వచ్చింది. మావాడు చేసుకుంటానన్నాడు. మేం చర్చికి పోయే మనుషులం. మలయాళం నర్సంటే మనవాళ్లేలే అనుకున్నాను. తీరా చూస్తే హిందువుల పిల్ల. పెళ్లయ్యాక పుట్టింటివాళ్లు గడప తొక్కనివ్వలేదు. ఆసుపత్రిలో పిల్లలకు సూది వేయకముందే "అయిపోయింది, అయిపోయింది" అనేది. ఏడ్చే పిల్లలు నమ్మేవాళ్లు. నాకు బీపీ మాత్ర ఇచ్చి, మింగేదాకా ఎదురుగా నిలబడేది. చేపల పులుసులో కొబ్బరినూనె పోసి "తిని తిట్టు అత్తా" అనేది. తిట్టేదాన్ని, తినేదాన్ని.

రక్తంలో జబ్బన్నారు. మద్రాసు డాక్టర్లు ఇంటికి తీసుకుపొమ్మన్నారు. మంచం పట్టాక ఒక్కటే అడిగింది. "అత్తా, మా అమ్మ వానాకాలంలో రాముడి పురాణం చదివేది, మా భాషలో. అది ఒక్కసారి కావాలి."

ఎక్కడని తేవాలి? నెల్లూరు అంగళ్లలో మలయాళం పుస్తకమే లేదు. పుట్టింటికి ఫోన్ చేస్తే పెట్టేశారు. కొత్తగా వచ్చిన ఇంటర్నెట్‌లో దొరుకుతుందని ఎవరో చెప్పారు. మావాడు నెల్లూరు పోయి తెచ్చిన కాగితాల నిండా పిచ్చి గుర్తులే. ఆ కంప్యూటర్‌లో మలయాళం అక్షరాలు లేవట. ఆ పిల్ల చూసి గోడవైపు తిరిగింది.

"మళ్లీ పో నాయనా" అన్నాను.

"ఇట్టా ఉండాదే, వదిలిపెట్టి ఎట్ట పోయేదిమా?"

"నేనుండాను గదరా. పో."

వాడు బస్సెక్కినాక పక్కింటామె వచ్చింది. "ఏందక్కా, ప్రార్థన జరిగే ఇంట్లోకి పురాణం తెప్పిస్తుండావంట?"

"పిల్లను తెచ్చుకున్నప్పుడే దాని దేవుణ్ణి గూడా తెచ్చుకున్నా. నీ పొయ్యి మీద కూర మాడతా ఉండాది, పోయి చూసుకో."

ఆ కంప్యూటర్‌లో మలయాళం అక్షరాలు ఎక్కించారట, సాయంత్రానికి సరైన కాగితాలు వచ్చాయి. పట్టుకునే శక్తి ఆ పిల్లకు లేదు. నేనే మొహం ముందు పట్టుకున్నాను. తలకిందులుగా పట్టానని నాకేం తెలుసు? ఒక వేలెత్తి గుండ్రంగా తిప్పి నవ్వింది. సరిచేశాను. ఒక కాగితం అయ్యాక రెప్ప మూసి తెరిచేది, నేను మార్చేదాన్ని. చదువుతుంటే పెదాలు కదిలేవి.

పొద్దున మళ్లీ పట్టుకున్నాను. కాసేపటికి రెప్ప పడలేదు. ఈ కాగితం నచ్చిందేమో, మళ్లీ మళ్లీ చదువుకుంటోందేమో అనుకున్నాను. చేతులు లాగుతున్నా దించలేదు. మావాడు వచ్చి నా వేళ్లు ఒక్కొక్కటే విడదీసేదాకా ఆ కళ్ల ముందు అలాగే పట్టుకుని కూర్చున్నాను.