మొగులప్ప రాజవంశాలు

"ఏమయ్యా మొగులప్పా, పుట్టిన్నుంచి ఒక్క నిజమన్నా మాట్లాడావా?" అని ఒక హైదరాబాదు వకీలు ధారూర్ స్టేషన్లో, పదిమంది వింటుండగా అడిగాడు. మొగులప్ప నొచ్చుకోలేదు. గడ్డం గోక్కుంటూ నిజాయితీగా ఆలోచించాడు.

"ఒకపారి చెప్పిన సార్. తాండూరు బండి ఎన్నింటికొస్తదని ఒకాయన అడిగితె పదింటికన్న. ఒంటిగంటకొచ్చింది. గాయన నన్ను బండెక్కెదాంక తిట్టిండు. గప్పటిసంది మానుకున్న."

రాయి కనబడితే దానికొక రాజును అంటగట్టనిదే మొగులప్ప ముందుకు కదలలేడు. మనిషికి అదొక్కటే జబ్బు. మిగతా అన్ని విధాలా ఆరోగ్యవంతుడు.

నిజాం రోజుల్లో అనంతగిరి అడవుల్లో వేటకొచ్చే దొరలకు దారి చూపడం అతని పని. నలభై ఎనిమిదిలో రాజ్యం మారింది, దొరలు మాయమయ్యారు. పులులు అంతకు ముందే జాగ్రత్తపడ్డాయి. మొగులప్పకు మిగిలింది ఒక ఖాకీ కోటు, ఒక విజిల్. పదేళ్ల తర్వాత హైదరాబాదు ఉద్యోగస్థులకు ఆదివారం పూట టిఫిన్ క్యారియర్లు పట్టుకుని రైలెక్కి ప్రకృతిని చూడాలనే సరదా పుట్టింది. అప్పుడు కోటు మళ్లీ ఒంటిమీదికి వచ్చింది. ధారూర్ స్టేషన్లో దిగిన వాళ్లను మూడు మైళ్లు నడిపించి బండమీదిపల్లి కోట చూపిస్తాడు, మడుగులో స్నానం చేయిస్తాడు, సాయంత్రం బండికి తెచ్చి అప్పజెబుతాడు. తలకు యాభై నయా పైసలు. చిన్నపిల్లలకు ఏమీ లేదు, వాళ్లు చరిత్ర వినరు కాబట్టి.

కోట అంటే మూడు గోడలు, సగం బురుజు, ఎప్పుడూ ఉండే మేకలు. ఆ మూడు గోడల్లో మొగులప్ప ఎన్ని రాజవంశాలను కాపురం పెట్టించాడో లెక్కలేదు. పద్ధతి మాత్రం ఒక్కటే. ప్లాట్‌ఫారం మీదే వినయంగా అడుగుతాడు: "సార్, తమరేం నౌకరి?" జవాబు చేతికొస్తే చాలు, మూడు మైళ్ల నడకలో చరిత్ర తయారవుతుంది. వకీలొస్తే ఆ గోడలు రాజుగారి న్యాయస్థానం, ఒకే దావా ముప్పై ఏళ్లు నడిచిన చోటు. పోస్టుమాస్టరొస్తే గోడలో బొక్కలన్నీ పావురాల టపా కచేరీ. లెక్కల గుమాస్తా వస్తే ఖజానా, అందులో పైసా తేడా వచ్చినందుకు రాజు తన బావమరిదినే కొలువు నుంచి తీసేసిన చోటు. ఆ గుమాస్తా కళ్లనీళ్లు పెట్టుకుని గోడను తడిమాడు.

ఒక ఆదివారం ఒక సంస్కృత పండితుడు, ఒక మౌల్వీ సాహెబు ఒకే బండిలోంచి దిగారు. ఈ రోజు చిక్కాడనుకున్నాను. మొగులప్ప విజిల్ ఊది, రాజుగారికి పొద్దున ఒక పేరు, మాపున ఒక పేరు ఉండేదని మొదలుపెట్టాడు. పొద్దున యజ్ఞం, మాపున నమాజు. మధ్యాహ్నం నిద్ర, ఎవరికీ అభ్యంతరం లేకుండా. పెద్దమనుషులిద్దరూ తమవాడేనని తృప్తిపడి చెరొక రూపాయి ఎక్కువిచ్చారు. మన దేశంలో చరిత్ర మీద ఇంత సామరస్యం నేను ఏ సభలోనూ చూడలేదు.

నేనప్పుడు ఉస్మానియాలో చరిత్ర ఎం.ఏ. చదివి తాండూరు హైస్కూల్లో పాఠాలు చెప్పుకుంటున్నాను. ఆదివారం ఆదివారం అతని వెంట తిరిగేవాణ్ణి. "అసలీ కోట ఏ వంశం వాళ్లది మొగులప్పా?" అని ఒకసారి నిలదీశాను.

"మీకు ఏది గావాలె సార్?" అన్నాడు, దుకాణంలో బట్టల తానులు విప్పేవాడిలాగా.

ఇక స్నానం సంగతి. కోట కిందనే నల్లబండ గుండం ఉంది. రాతి పగుల్లోంచి ఊరే నీళ్లు, అడుగున గులకరాళ్లు కనబడేంత తేట. ఎండలో మూడు మైళ్లు నడిచొచ్చిన ఎవరికైనా దాన్ని చూడగానే చెప్పులు వాటంతటవే ఊడిపోతాయి. మొగులప్ప అడ్డం పడేవాడు. రాణి సిద్దవ్వ అందులో మునిగిందట. దిగినవాడికి ఏడాది తిరిగేసరికి ఒంటినిండా చేపపొలుసులు మొలుస్తాయట.

"యాలాల్ ఊర్ల మా చిన్నమ్మ కొడుకున్నడు సార్. మోచేతులదాంక పొలుసులే. బస్సుల టికెట్ గూడ ఇస్తలేరు."

వాళ్లను అక్కణ్ణుంచి ఇంకో మైలున్నర ముళ్లకంపల్లోంచి నడిపించి ఒక బురదమడుగులో దింపేవాడు. అందులో ముందే బర్రెలుండేవి. అవి రాజుగారి బర్రెల ఖాందాన్ అని, వాటి పక్కన స్నానం దొరకడం అదృష్టమని చెప్పేవాడు. జనం తిట్టుకుంటూనే దిగేవారు. ఆ మైలున్నరకు అతను పైసా ఎక్కువ తీసుకోలేదు. రాజులు వారం వారం మారారు గాని సిద్దవ్వ ఒక్కసారీ మారలేదు. ఇలాంటివి పట్టుకోవడానికే నాకు విశ్వవిద్యాలయం పట్టా ఇచ్చింది. నేను పట్టుకోలేదు.

బదులుగా వ్యాసం రాశాను. యాభై తొమ్మిది ఏప్రిల్లో ఒక హైదరాబాదు వారపత్రికలో అచ్చయింది. సిద్దవ్వ అనే రాణి లేదని, శాపం లేదని, ఆ గుండం నీళ్లు జిల్లాలోకెల్లా మంచి నీళ్లని ఆధారాలతో నిరూపించాను. మొగులప్పకు చదివి వినిపించాను కూడా. అతను చివరిదాకా విని ఒక్కటే అడిగాడు: "గీ పత్రిక ఎంతమంది సదువుతరు సార్?" రెండువేలన్నాను గర్వంగా. అతని మొహం వాడిపోయింది. పొట్ట మీద కొట్టాననుకున్నాడని, శాస్త్రీయ దృష్టికి ఇలాంటి ఇబ్బందులు తప్పవని నాకు నేను సర్దిచెప్పుకున్నాను.

మూడో వారం హైదరాబాదు నుంచి మూఢనమ్మకాల నిర్మూలన సంఘం దిగింది. ముప్పైమంది గుమాస్తాలు, వాళ్ల సంసారాలు. ఒక్కొక్కరి చేతిలో నా వ్యాసం, ఒక సబ్బుబిళ్ల. గుండంలో సామూహిక స్నానం చేసి రాణిగారి శాపాన్ని బహిరంగంగా ధిక్కరించడం కార్యక్రమం. నేను ముఖ్య అతిథిని. (సంఘం కార్యదర్శి దుర్ముహూర్తం దాటాకే ఇంట్లోంచి అడుగు బయటపెట్టాడని తర్వాత తెలిసింది.)

మొగులప్ప గుండం ముందర చేతులు చాపి నిలబడ్డాడు. విజిల్ ఊదాడు. "దిగకుండ్రి సార్, మీ కాళ్లు మొక్కుత. పైసలు గూడ వద్దు" అన్నాడు. జనం నవ్వారు. అందరికంటే ముందు దూకింది నేనే.

ఒక గంట జ్ఞానోదయం జరిగింది. నూనె తలలు రుద్దుకున్నారు, పిల్లల్ని తోమారు, పులిహోర గిన్నెలు కడిగారు. నీళ్లమీద తెల్లగా నురగ పేరుకుంది. అప్పుడు చూశాను, ఒడ్డున తుమ్మచెట్టు కింద ఆరుగురు ఆడవాళ్లు ఖాళీ బిందెలతో నిలబడి ఉన్నారు. ఎప్పట్నుంచి నిలబడ్డారో తెలియదు. ముందున్నావిడ పేరు రాహేలమ్మ. భయపడుతున్నారనుకుని నీళ్లలోంచే ధైర్యం చెప్పాను: రాణీ లేదు, శాపమూ లేదు, మీరూ దిగొచ్చు.

"మేమెట్ల దిగుతం సార్?" అంది రాహేలమ్మ. "మేము తాగె నీళ్లు."

నా వెనక కార్యదర్శి ఇంకా తలకు సబ్బు రాస్తూనే ఉన్నాడు.

సంగతి ఇది. గుట్ట కింద గేరిలో, అంటే ఊరిబయటి వాడలో, పద్నాలుగు ఇళ్లు, అందరూ కిరస్తానీ కూలివాళ్లు. మతం మారినా ఊరి బావి దగ్గర వాళ్ల కులం మారలేదు. రాజ్యాంగం వచ్చింది, ఆ పైన అంటరానితనం మీద చట్టం కూడా వచ్చింది, అవి రెండూ బండమీదిపల్లి దాకా వచ్చాయి గాని ఊరు మాత్రం బావిలోకి వాళ్ల చేద దిగనివ్వలేదు. ఎండాకాలం నుంచి వానలదాకా ఆ పద్నాలుగు ఇళ్లకు ఈ గుండమే దిక్కు. వానలకింకా అయిదు వారాలుంది.

"ఈ ముక్క ముందే చెప్పొచ్చు గదా మొగులప్పా" అన్నాను. తడి బట్టలతో తల దించుకుని అనాల్సిన మాట కోపంగా అన్నాను.

"మొదటి ఏడు చెప్పిన సార్," అన్నాడు. "గివి తాగె నీళ్లు, దిగకుండ్రన్న. ఎవలు తాగుతరన్నరు. గేరోళ్లు అన్న. 'గంతేనా' అని దిగిండ్రు." విజిల్ను జేబులో వేసుకుంటూ, "గప్పుడే సిద్దవ్వను పుట్టిచ్చిన" అన్నాడు. "మనుషులకు భయపడకపోయినా పొలుసులకు భయపడుతరు."

సంఘం అయిదు గంటల బండికి వెళ్లిపోయింది. విజయవంతంగా ముగిసిందని తీర్మానం కూడా చేసిందట. నేను బండెక్కలేదు. గేరి అంతా వచ్చి గుండాన్ని తోడడం మొదలుపెట్టారు. అడుగుదాకా తోడేస్తే ఊట మళ్లీ నింపుతుంది, రెండు రోజులు పడుతుంది. నాకొక రేకు డబ్బా ఇచ్చారు. మొగులప్ప కోటు విప్పి నడుములోతు నీళ్లలో దిగాడు. దిగాడేగాని రెండు డబ్బాలు తోడగానే, ఈ గుండం మొట్టమొదట తోడింది సిద్దవ్వ మామ అనీ, ఆయన దగ్గర ఏడు వందల వెండి బక్కెట్లుండేవనీ మొదలుపెట్టాడు.

"మొగులన్నా, నోరు గాదు, చెయ్యాడియ్యి" అంది రాహేలమ్మ.

రెండు రోజుల తరువాత నీళ్లు తేటపడ్డాయి. కాని వచ్చే ఆదివారం ఇంకో గుంపు వస్తుంది. వ్యాసం చదివినవాళ్లు రెండువేలమంది. మొగులప్ప తాండూరులో నా గదికొచ్చి గుమ్మం దగ్గర కూర్చున్నాడు.

"సార్, నా అబద్ధాన్ని మీ రాతతోటి చంపిండ్రు. ఇగ నా నోటిమాట ఎవలింటరు? మీరే ఇంకొకటి రాయుండ్రి. గట్టిది రాయుండ్రి. రాయిమీద రాయుండ్రి."

నేను చదివింది అబద్ధపు శాసనాలను కనిపెట్టే విద్య. అదే విద్యతో ఒకటి తయారుచేయడం ఎంత తేలికో ఆ రోజు తెలిసింది. చేపపొలుసులు తప్పక పెట్టాలని మొగులప్ప పట్టుబట్టాడు. నేనొప్పుకోలేదు. ఎదుటివాడి నౌకరి కనుక్కుని చరిత్ర చెప్పాలన్నది నీ దగ్గర నేర్చుకున్నదే కదా, వచ్చేవాళ్లలో ఎక్కువమంది సర్కారు ఉద్యోగులు కదా అన్నాను. అతను ఒప్పుకుని, ఉస్తాదు శిష్యుణ్ణి చూసినట్టు నన్ను చూశాడు. చివరికి ఇలా కుదిరింది:

"స్వస్తి శ్రీ. రాణి సిద్దమాంబ ఆన. ఈ గుండమున మేను తడిపినవాడు రాజకొలువున ఎన్నడును పైమెట్టు ఎక్కకుండుగాక. వాని పై అధికారి వానికన్న పిన్నవాడగుగాక."

తాండూరు బండలు చెక్కే నజీర్ దాన్ని చెక్కాడు. తెలుగు చదవడం రాకపోయినా గీసిచ్చిన గీతకు వెంట్రుకవాసి తేడా రానివ్వని పనివాడు. రాజులకాలం రాయిలాగా కనబడాలని రెండు రోజులు పేడలో పాతిపెట్టి, మసి రుద్ది, మూలలు పగలగొట్టాం. శనివారం ఎడ్లబండిమీద తీసుకుపోయి గుండం పక్కన సగం కూరుకుపోయినట్టు నిలబెట్టాం.

ఆదివారం వచ్చిన గుంపుకు పెద్ద ఒక రెవెన్యూ అధికారి. శాపాలంటే నవ్వు అని దారి పొడుగునా చెబుతూ వచ్చాడు. చొక్కా విప్పాడు, బనియను విప్పాడు. అప్పుడు రాయి కనబడింది. మొగులప్ప దానివైపు చూడనైనా లేదు, మేకల్ని అదిలిస్తున్నాడు. అధికారి కూడబలుక్కుని చదివాడు. చివరి వాక్యం రెండుసార్లు చదివాడు.

"వ్యాసం రాసింది మీరే కదూ? ఇది ప్రామాణికమేనా?" అని నన్నడిగాడు.

స్వయంగా పరిశీలించానని చెప్పాను. అందులో అబద్ధం లేదు.

"నాకు శాపాల మీద నమ్మకం లేదు," అన్నాడాయన బనియను తొడుక్కుంటూ. "కాని ఈ జూన్లో మా శాఖలో ప్రమోషన్లున్నాయి."

మొగులప్ప విజిల్ ఊది, సార్ నౌకరి రెవెన్యూ గదా, రాజుగారి శిస్తులన్నీ వసూలైన మడుగు ఒకటి మైలున్నర దూరంలో ఉన్నదని చెప్పి నడక మొదలుపెట్టాడు. గుంపంతా అతని వెనక ముళ్లకంపల్లో పడింది. తుమ్మచెట్టు కింద రాహేలమ్మ కొంగు నోటికడ్డం పెట్టుకుని నవ్వుతూ బిందె ముంచుకుంది.

ఆ ఏడాదంతా స్నానం చేసినప్పుడల్లా నా మోచేతులు చూసుకున్న మాట దాచను. పొలుసులైతే రాలేదు. ప్రమోషన్ కూడా రాలేదు.

నజీర్ అక్షరానికి పన్నెండు నయా పైసలు తీసుకునేవాడు. నాలుగు మాటల్లో తేల్చమని మొగులప్ప ఎంత మొత్తుకున్నా వినక నేను అరవై ఒక్క అక్షరాలు రాశాను. ఏడు రూపాయల ముప్పై రెండు పైసలైంది. నాలుగిచ్చాను. మూడు రూపాయల ముప్పై రెండు పైసలు నజీర్‌కు ఇంకా ఇవ్వాలి.