మావ పేరు మీద నేను కొట్టిన నంబరు

మొన్న మధ్యాహ్నం రాజాంలో నా రిపేరు షాపులో కూర్చుని ఒక ఫోను బోర్డుకి టంకం పెడుతున్నాను. బ్యాంకులో పనిచేసే ఒకాయన సంచిలోంచి అరచేతిలో ఇమిడే పెట్టె ఒకటి తీసి, నన్నడక్కుండానే గోడ మీది టీవీకి తగిలించాడు. మా తరం చిన్నప్పుడు టీవీ ముందు గొంతుక్కూర్చుని ఆడిన వీడియోగేముకి అది బుల్లి రూపం. పాత ఆటలు ఓ ఇరవై లోపలే పెట్టి అమ్ముతారు. ఆయన స్విచ్చి నొక్కగానే టీవీలోంచి నాలుగు స్వరాల చిన్న పాట మోగింది. అంతే, టంకం కడ్డీ వేలికి చురుక్కున తగిలింది. "ఇందులోకి ఇంకా కొన్ని ఆటలు ఎక్కించొచ్చట కదా మేడం, చేసిపెట్టండి" అన్నాడాయన. "నేనా పని చెయ్యను" అన్నాను. అంత పెడసరంగా అనాల్సింది కాదు. ఆయన బిత్తరపోయి చూశాడు. వేలు నీళ్లలో ముంచుకుంటూ, అది చిన్న పనేనని, ఇంకెవరి దగ్గరైనా చేయించుకోమని సర్దిచెప్పి పంపాను. కారణం మాత్రం చెప్పలేదు. సూర్నారాయణ మావని ఎరగనివాళ్లకి అది రెండు ముక్కల్లో చెప్పేది కాదు.

సూర్నారాయణ మావ నాకు చుట్టం కాదు. ఈ షాపు అప్పట్లో ఆయనది. రాజాంలో అందరికీ ఆయన మావే. సాలూరులో గుళ్లో సన్నాయి ఊదే కుటుంబం వాళ్లది. వేళ్లకి కుదురు అక్కడే అబ్బిందనేవాడు. వయసులో ఉండగా సాలూరు లారీల్లో టేపురికార్డర్లు బాగుచేసి, తర్వాత రాజాం వచ్చి రేడియోలూ, టీవీలూ, చివరికి ఫోన్లూ పట్టాడు. నేను కంప్యూటరు డిగ్రీ చేసి, రెండేళ్లు ఖాళీగా కూర్చుని, ఆయన దగ్గర పనికి చేరాను. ఆడపిల్లకి ఈ పనేంటని ఊళ్లో అందరూ అడిగారు, ఆయన తప్ప. ఆయన అడిగింది ఒకటే: "కళ్లు బాగా ఆన్తాయేటే పిల్లా?" ఆయన దగ్గర పనిచేసిన కాలంలో నేను నోరు తెరుచుకుని నిలబడిపోని వారం లేదు.

మొదటిరోజే ఒక పాడైన రేడియో నా ముందు పెట్టాడు. స్క్రూడ్రైవరు అందుకోబోతే చేతి మీద చిన్న దెబ్బ వేశాడు. "ఆగవే. ఇప్పుతావు సరే. మళ్లీ ఎలగ మూస్తావు?" అని ఒక థర్మోకోల్ ముక్క ఇచ్చి దాని మీద రేడియో బొమ్మ గియ్యమన్నాడు. తీసిన ప్రతి స్క్రూనీ ఆ బొమ్మలో దాని చోటులోనే గుచ్చాలి. ఏ వైరు ఎటు వంగి ఉందో పక్కన రాయాలి. అదంతా అయ్యేసరికి ఒక పూట పోయింది. "పాడైపోయినదానికి ఇంత మర్యాదేటి మావా?" అన్నాను నవ్వుతూ. ఆయన నవ్వలేదు. "పాడైపోయినాదని నీకెవలు సెప్పినారు? లోపల ఏదో ఒకటి పాడైనాది. మిగతాదంతా బాగానే ఉన్నాది. ఆ బాగున్నదాన్ని నువ్వు పాడు సెయ్యకుండా ఉంటే సాలు." నా నవ్వు అక్కడే ఆగిపోయింది. ఆ తర్వాత నాలుగేళ్లలో అలాంటి థర్మోకోల్ ముక్కలు ఎన్ని గీశానో నాకే తెలీదు. విసుక్కున్నాను, చాటున తిట్టుకున్నాను, అయినా గీశాను.

ఒక పొద్దున్న షట్టరు ఎత్తుతూ ఎత్తుతూ ఆయన కూలబడిపోయాడు. పక్షవాతం. ప్రాణం నిలిచింది, మాట నిలిచింది, కాలు కొన్నాళ్లకి దారిన పడింది. కుడిచెయ్యి మాత్రం భుజానికి వేలాడుతూ ఉండిపోయింది. మూడు నెలలకి మళ్లీ షాపుకొచ్చి తన కుర్చీలో కూర్చుని, నేను చేస్తున్న పనంతా చూసేవాడు. సన్నటి టంకం పని ఉన్న బోర్డు ఏదైనా వస్తే మాత్రం నన్ను ముట్టుకోనిచ్చేవాడు కాదు. "దాన్ని ఉంచు, నాను సేస్తాను" అనేవాడు. ఎప్పుడు చేస్తాడు, ఎలా చేస్తాడు అని అడిగే ధైర్యం నాకు లేదు. ఆయన వెనక అలమారలో అలాంటి బోర్డులు పేరుకుపోయాయి. వాటి సొంతదారులు వచ్చి అడిగితే, "మావ చెయ్యి కొంచెం తేరుకోవాల" అని నేనే చెప్పేదాన్ని. కొందరు పట్టుకుపోయారు. చాలామంది ఆగారు. ఆ మనిషి చేతి మీద ఊరికి అంత గురి.

ఆయన కూతురు వరలక్ష్మి విజయనగరంలో నర్సు. వేళ్లకి ఏదో ఒక పని చెబుతూ ఉండాలని ఫిజియోథెరపీ డాక్టరు అన్నారట, ఆమె ఇలాంటి గేము పెట్టె ఒకటి కొని తెచ్చి షాపు టీవీకి తగిలించింది. మావ మండిపడ్డాడు. "సంటిపిల్లడ్నేటే నాను, ఆటలాడుకోడానికి?" ఆమె ఆయన కుడి బొటనవేలు పట్టుకుని కంట్రోలరు బటను మీద పెట్టి, బస్సుకి టైమైందని వెళ్లిపోయింది. అందులో ఒక కప్ప ఆట ఉంది. కప్ప తనంతట తాను పరిగెడుతుంది. రాయి అడ్డొస్తే బటను నొక్కి గెంతించాలి. గెంతుకి పది పాయింట్లు. పోనుపోను వేగం పెరుగుతుంది. మొదటిరోజు ఆయన వేలు కదలనే లేదు. కప్ప మొదటి రాయికే బోర్లా పడింది. నాకు చూడబుద్ధి కాక మొహం తిప్పుకున్నాను. వారానికి నాలుగు రాళ్లు దాటింది. నెలకి ముప్ఫై.

అన్నిటికంటే ఎక్కువ వచ్చిన పది స్కోర్లని ఆ పెట్టె పేర్లతో సహా పట్టికగా దాచుకుంటుంది. ఆ పది వరసల్లోనూ మావ పేరే. పొద్దున్న వచ్చీ రాగానే ఆయన ముందు ఆ పట్టిక చూసుకునేవాడు. "నిన్న మూడువేల తొమ్మిదొందలు కొట్టినాను. సూసినావా? సెయ్యి వస్తన్నాది" అనేవాడు. పదో నెలకి పై వరసలో నాలుగువేల నూట ఎనభై వచ్చింది. ఆరోజు ఆయన మొహం చూడాల్సిందే. "అయిదువేలు కొట్టిన్రోజున ఆ అలమార ఖాళీ సేసెత్తాను సూడు" అన్నాడు. నేను నమ్మాను. మాటవరసకి కాదు, నిజంగానే నమ్మాను.

ఒకరోజు ఆయన "ఈ కప్పతో ఇసుగొచ్చేసినాది. వేళ్లన్నిటికీ పని తగిలే ఆట నేదేటి?" అన్నాడు. ఆ మాట పట్టుకున్నాను. ఇలాంటి పెట్టెల్లోకి కొత్త ఆటలు ఎక్కించే ఉచిత సాఫ్ట్‌వేర్ ఉందని, సరదాకి ఆటలు తయారుచేసి ఊరికే పంచిపెట్టేవాళ్లు లోకంలో చాలామంది ఉన్నారని నెట్‌లో చదివాను. బటన్లన్నీ వాడాల్సిన ఆటలు అయిదు ఏరి పెట్టుకున్నాను. ఆయనకి చెప్పలేదు, చూసి ఆశ్చర్యపోవాలని. గురువారం ఆయన ఆస్పత్రికి వెళ్లే రోజు. పదింటికి వెళ్తే పన్నెండుకి వస్తాడు. ఆయన ఆటో కదలగానే పెట్టెని కంప్యూటరుకి తగిలించాను. సాఫ్ట్‌వేర్ మొట్టమొదట ఒక ప్రశ్న అడిగింది: ఇప్పుడు లోపలున్నదంతా ఒక కాపీ తీసి దాచమంటారా? అరగంట పడుతుందని కూడా రాసింది. లోపలున్నవి పెట్టెతో వచ్చిన ఆటలే కదా, ఎక్కడైనా దొరుకుతాయి, దానికి అరగంట ఎందుకు దండగ అనుకున్నాను. నాలుగేళ్లు థర్మోకోల్ మీద స్క్రూలు గుచ్చిన చెయ్యే "వద్దు" అని నొక్కింది. ఎదురుగా ఒక స్క్రూ ఉంటే తప్పకుండా గుచ్చేదాన్ని. కంటికి కనపడనిదానికి కూడా ఆ పద్ధతి ఉంటుందని నాకు తట్టనే లేదు.

ఆటలు సగం ఎక్కాక కరెంటు పోయింది. పది నిమిషాలకి వచ్చింది గానీ పెట్టె లేవలేదు. టీవీ నల్లగా ఉండిపోయింది.  నెట్‌లో గబగబా వెతికి, దాన్ని కొన్ననాటి స్థితికి తెచ్చే పద్ధతి ఒకటి పట్టుకుని అలాగే చేశాను. లేచింది. ఆటలు మళ్లీ ఎక్కించాను, అవీ ఎక్కాయి. చంకలు గుద్దుకుంటూ కప్ప ఆట తెరిచాను. పట్టిక ఖాళీగా ఉంది. పది వరసల్లోనూ ఉత్త గీతలు.  కొన్ననాటి స్థితి అనే మాటకి అర్థమేమిటో అప్పుడు తెలిసింది. ఒక మనిషి పది నెలలు వేలు కదిపి కదిపి రాసుకున్నది, నేను ఒక్క నొక్కుతో చెరిపేశాను.

దీని తర్వాత చేసినది ఈ రోజుకీ మా ఇంట్లో చెప్పలేదు. ఆయన రావడానికి ఇంకా అరగంట పైనే ఉంది. కంట్రోలరు తీసుకుని నేనే ఆడటం మొదలుపెట్టాను. నాలుగువేల నూట ఎనభై దగ్గర కప్పని రాయికి గుద్దించి, ఆట అడిగే చోట ఆయన పేరు కొడదామని. రెండుసార్లు ముందే పడిపోయింది. మూడోసారి ఊపులో ఎక్కడుందో చూసుకోలేదు. చూసేసరికి నాలుగువేల రెండొందల అరవై. కప్పని గుద్దించేసి, మావ పేరు కొట్టాను. గడియారం చూశాను. మొత్తం ఇరవై నిమిషాలు.  అంతకుముందు నేను ఆ ఆట ఒక్కసారి కూడా ఆడలేదు. చేతులు సరిగ్గా ఉన్న ఎవరైనా మొదటిరోజే ఇరవై నిమిషాల్లో చేరే చోటు అది. అక్కడికి చేరడానికి ఆయనకి పది నెలలు పట్టింది. ఆ చేత్తోనే తల వెంట్రుకంత తీగెకి టంకం పెడతానని ఆయన ఎదురుచూస్తున్నాడు, నేనూ ఊరివాళ్లని ఎదురుచూడమంటున్నాను. మిగిలిన తొమ్మిది వరసలు నింపాలనుకున్నదాన్ని, కంట్రోలరు మళ్లీ ముట్టుకోలేకపోయాను.

మావ వచ్చి కుర్చీలో కూర్చుని టీవీ పెట్టుకున్నాడు. కొత్త ఆటల సంగతి నేను చెప్పేలోపే ఆయన పట్టిక తెరిచాడు. పైన ఒక్క వరస. కింద గీతలు. 

"ఏటే ఇది?"

చెప్పేశాను. కాపీ వద్దనడం, కరెంటు పోవడం, పెట్టెని కొన్ననాటి స్థితికి ఎలా తెచ్చానో, పట్టిక పోవడం, అన్నీ. తిట్లకి తలవంచుకుని నిలబడ్డాను.

"సరే, పోయినాది పోయినాది. మరి ఈ పైదేటి?"

"నేనే కొట్టినాను మావా. నీ పేరు ఎట్టినాను."

"ఎంతసేపు పట్టినాది నీకు?"

 ఆ ఒక్క ప్రశ్నకి తప్ప అన్నిటికీ సిద్ధపడి ఉన్నాను.

"సాలాసేపే పట్టినాది మావా."

"నిమిషాల్లో సెప్పు."

టీవీ పట్టుకొచ్చినవాళ్లని, ఎప్పట్నుంచి పనిచేయడం లేదని అడుగుతాడే, అదే గొంతు. ఆ గొంతుకి అబద్ధం చెప్పడం నాకు చేతకాదు.

"ఇరవై" అన్నాను.

ఆయన ఎడంచేత్తో కుడిచేతిని ఎత్తి ఒళ్లో పెట్టుకున్నాడు. "ఇరవయ్యా" అన్నాడు మెల్లిగా. "డాట్రు బాగా వస్తన్నాది అన్నాడు. వరలక్ష్మీ అన్నాది. నువ్వూ అన్నావు" అన్నాడు. నాకు ఏడుపొచ్చేసింది. "నేనూ అలాగే అనుకున్నాను మావా" అన్నాను. అది నిజం. కానీ ఆ నిజం ఆయనకి ఎందుకూ పనికిరాలేదు. ఆయన లేచి, గేము పెట్టె వైర్లు ఎడంచేత్తో ఒక్కొక్కటే ఊడదీసి, దాన్ని సంచిలో వేసుకుని ఇంటికి వెళ్లిపోయాడు.

మర్నాడు వచ్చాడు గానీ తన కుర్చీలో కూర్చోలేదు. కస్టమర్లు కూర్చునే బల్ల మీద కూర్చుని, "ఆ అలమారలోయి దింపు. మొదటిది నువ్వే సెయ్యి. నాను సూస్తాను" అన్నాడు. మొదటి బోర్డు దింపి కడ్డీ అందుకున్నాను. ఆ అలమార ఖాళీ కావడానికి నెలన్నర పట్టింది. కడ్డీ ఎంత కాగాలి, ఎంతసేపు ఆనించాలి, ఊపిరి ఎక్కడ బిగబట్టాలి, అన్నీ కూర్చున్న చోటునుంచి నోటితోనే నేర్పాడు. ఇవాళ నాకు పేరు తెచ్చిన చేతిపనంతా ఆ నెలన్నరలో వచ్చిందే. సంతోషించాలో సిగ్గుపడాలో తెలిసేది కాదు. గేము పెట్టె మళ్లీ షాపులో కనపడలేదు. విసిరి పారేశాడనుకున్నాను. ఆయన ఆ మాట ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు.

రెండేళ్లకి రెండోసారి పక్షవాతం వచ్చి ఆయన పోయాడు. పన్నెండో రోజు అయ్యాక వాళ్లింటికి వెళ్లాను. ముందుగదిలో టీవీ కింద ఆ పెట్టె ఉంది. 

"ఇదిక్కడున్నాదేటి?" అన్నాను.

"రోజూ ఆడేవోడు, నానొచ్చినప్పుడల్లా సూసేదాన్ని గదా" అంది వరలక్ష్మి. "పొద్దున్న టీ తాగినాక ఒక గంట. షాపులో సెప్పొద్దని ఒట్టేయించుకున్నాడు."

ఆమె టీవీ పెట్టి కప్ప ఆట తెరిచింది. పది వరసలూ నిండుగా ఉన్నాయి. అన్నిటా ఆయన పేరే. అన్నిటికంటే పైన నాలుగువేల రెండొందల అరవై. దాని కింద నాలుగువేల రెండొందల పది.

"పైనున్నది నీదంట గదా" అంది. "దాన్ని దాటిన్రోజున అందరికంటే ముందు షాపుకొచ్చి నీకే సెప్తానన్నాడు."

దాటడానికి ఆరు గెంతులు. అంతే తక్కువ. ఆయన కావాలంటే ఆ పెట్టెని తుడిచేసి సున్నా నుంచి మొదలుపెట్టుకునేవాడు, ఎలాగో నేను చెప్పనే చెప్పాను. తుడవలేదు. ఆయన్ని మోసం చెయ్యాలని ఆయన పేరు మీద నేను రాసిన నంబరుని నాదిగానే ఉంచి, దాన్ని దాటాలని రెండేళ్లు పొద్దున్నే కూర్చున్నాడు. ఆ అలమార ఖాళీ చేయించినప్పుడు ఆయన ఆశ వదిలేసుకున్నాడనుకున్నాను. ఆయన వదిలింది కుర్చీ ఒక్కటే. ఇప్పుడు నేను ఎవరి వస్తువు ముట్టుకున్నా ముందు లోపలున్నదంతా కాపీ తీస్తాను. చెడగొడితే చెడగొట్టానని మొహం మీదే చెబుతాను. అవి ఎవరైనా నేర్చుకోగలిగినవే. నేర్చుకోలేకపోయింది ఇంకొకటి ఉంది. పొద్దున్న తొమ్మిదింటప్పుడు పనిలో తలవంచుకుని ఉండగా షాపు మెట్టు మీద చెప్పుల చప్పుడైతే, ఆ ఆరు గెంతులూ పూర్తి చేసుకుని ఆయనే చెప్పడానికి వచ్చాడని నా ఒళ్లు ఉలిక్కిపడుతుంది. తలెత్తి చూస్తాను. ఎవరో, చేతిలో పగిలిన ఫోనుతో.